ముందు కాగితం, తర్వాతే ప్రశ్న

జైలుకు వచ్చిన మనిషిని అందరూ ఒకటే అడుగుతారు: "ఎందుకు చేశావు?" పోలీసు అడుగుతాడు, ప్లీడరు అడుగుతాడు, పక్క బ్యారక్‌వాడు అడుగుతాడు. ములాఖత్‌కి వచ్చిన తల్లి జాలీకి అవతల నిలబడి కొంగు నోట్లో కుక్కుకుని అదే అడుగుతుంది. ఇన్నిసార్లు అడిగించుకున్నవాడి దగ్గర జవాబు ఒకటి అరిగిపోయి నాలుక చివర ఉంటుంది. మీరూ వెళ్లి అదే అడిగితే ఆ జవాబే మీకూ దొరుకుతుంది. అది అబద్ధమే కానక్కర్లేదు. కానీ దాని వెనక ఏముందో చెప్పిన మనిషికే కనిపించడం మానేసి చాలా కాలమై ఉంటుంది.

జైళ్లకు, అబ్జర్వేషన్ హోములకు, ఆపదలో చిక్కిన స్త్రీలు తలదాచుకునే గృహాలకు, మత్తు మాన్పించే కేంద్రాలకు రంగులు పట్టుకుని వెళ్లాలనుకునేవాళ్ల కోసం ఈ అధ్యాయం. టీచర్లు, సామాజిక కార్యకర్తలు, చిత్రకారులు, రిటైరయ్యాక ఏదైనా పనికొచ్చే పని చేద్దామనుకునేవాళ్లు దీన్ని చదువుతున్నారనుకుంటున్నాను. మీరు లోపలికి అడుగుపెట్టే ముందు ఒక్క సంగతి మనసులో గట్టిగా నాటుకోవాలి. బొమ్మ ఒక మనిషి నుంచి నిజం లాగే గాలం కాదు, ఆ మనిషి తనను తాను మొదటిసారి కొంచెం దూరం నుంచి చూసుకునే చోటు. మీరు చేయవలసిందల్లా ఆ చోటును కాపాడటం.

ఇది నిజంగా జరిగే పనేనా అని అడిగేవాళ్లకు నేను ముందుగా గ్లాస్గో చూపిస్తాను. స్కాట్లాండ్‌లోని ఆ నగరంలో బార్లినీ అనే పాత జైలు ఉంది. దేశంలోని మిగతా జైళ్లు అదుపు చేయలేక చేతులెత్తేసిన ఖైదీల కోసం 1973లో అందులో ఒక ప్రత్యేక విభాగం తెరిచారు. అక్కడికి వచ్చినవాళ్లలో జిమ్మీ బోయిల్ ఒకడు. హత్య కేసులో 1967లో యావజ్జీవ శిక్ష పడింది. ఆ హత్య తాను చేయలేదనే అతను ఎప్పుడూ అంటూ వచ్చాడు. వార్డర్ల మీద తిరగబడేవాడు, దెబ్బలు తినేవాడు. చివరికి ఇన్వర్‌నెస్ జైల్లో బోనులాంటి కొట్టులో ఒంటరిగా పెట్టారు. అలాంటివాడు ఈ కొత్త విభాగానికి వచ్చాక అక్కడి వార్డరు ఒకాయన, పొట్లం విప్పుకోమని ఒక పదునైన పనిముట్టు తెచ్చి చేతికిచ్చాడు. తనను అంతగా నమ్మడం చూసి అతను విస్తుపోయాడు. ఆ విభాగంలో ఖైదీలు, సిబ్బంది ఒకే గదిలో కూర్చుని సమావేశాలు పెట్టుకునేవాళ్లు. తప్పు చేసినవాడు తోటివాళ్ల ముందు జవాబు చెప్పుకోవాలి.

అక్కడికి జాయిస్ లైంగ్ అనే ఆర్ట్ థెరపిస్టు బంకమన్ను తీసుకొచ్చింది. బోయిల్ చేతులు ఆ మన్నులో పడ్డాయి. తర్వాత రాయిలో, కాంక్రీటులో పడ్డాయి. జైల్లో ఉండగానే ఎడిన్‌బరో శివార్లలోని క్రెయిగ్‌మిల్లర్ పేటలో పిల్లలు ఎక్కి ఆడుకోవడానికి, నేల మీద వెల్లకిలా పడుకున్న గలివర్ విగ్రహానికి రూపం ఇచ్చాడు. 1982లో విడుదలయ్యాడు, శిల్పిగా, రచయితగా బతికాడు. ఆ విభాగాన్ని 1990ల మధ్యలో మూసేశారు. ఖైదీలకు మరీ సుఖంగా ఉందన్న విమర్శ మొదటినుంచీ దాన్ని వదల్లేదు.

మట్టి ఒక్కటే అతన్ని మార్చిందని నేను చెప్పను. నమ్మిన వార్డరు, మాట్లాడనిచ్చిన సమావేశం, మట్టి, ఈ మూడూ కలిసి పనిచేశాయి. సూపరింటెండెంటుకు ఇష్టం లేని చోట, వార్డరు గుమ్మంలో నిలబడి వెటకారం చేసే చోట మీ రంగుల పెట్టె పెద్దగా ఏమీ చేయలేదు. అందుకే మొదటి క్లాసు ఖైదీలకు కాదు, సిబ్బందికి పెట్టండి. వాళ్లూ ఒక గంట కూర్చుని బొమ్మ వేయనివ్వండి. పన్నెండు గంటల డ్యూటీ చేసి ఇంటికి పోయి నిద్రపట్టక దొర్లే మనుషులు వాళ్లు. ఆ గంట తర్వాత మీ సామాను సంచీని వెతికే తీరే మారుతుంది.

ఈ పద్ధతికి పేరెక్కడిదంటే, ఏడ్రియన్ హిల్ అనే బ్రిటిష్ చిత్రకారుడు క్షయతో శానటోరియంలో పడి ఉన్నప్పుడు బొమ్మలు వేసుకుంటూ తేరుకున్నాడు. ఆ అనుభవం లోంచే 1942లో 'ఆర్ట్ థెరపీ' అన్న మాటను వాడుకలోకి తెచ్చాడు. 1946 నుంచి ఎడ్వర్డ్ ఆడమ్‌సన్ సర్రేలోని నెదర్న్ మానసిక వైద్యశాలలో రోగుల కోసం స్టూడియో నడిపాడు. ఆయన ఎవరి బొమ్మకూ అర్థం చెప్పలేదు, ఎవరి బొమ్మనూ దిద్దలేదు. కుర్చీ, ఈజిల్, రంగులు సిద్ధం చేసి పెట్టి, తానూ అక్కడే ఉండేవాడు. ఈ పనిలో నాకు ఆదర్శంగా ఒకరి పేరు చెప్పమంటే ఈయన పేరే చెబుతాను. పక్కన మనిషి ఉండి, ఏమీ అడగకపోవడం ఎంత కష్టమో చేసి చూస్తేనే తెలుస్తుంది.

బ్రిటన్‌లో ఆర్ట్ థెరపిస్టు అన్న పేరు చట్టం రక్షించే పేరు. చదువు, రిజిస్ట్రేషన్ లేకుండా పెట్టుకోకూడదు. మీకు ఆ చదువు లేకపోతే ఆ పేరు మీరూ పెట్టుకోకండి. 'బొమ్మల క్లాసు' అనండి. మాట చిన్నదైనా పనికి మర్యాద తగ్గదు, పైగా మీ మీద, మీ ముందు కూర్చున్నవాళ్ల మీద అనవసరమైన బరువు పడదు. ఎవరికైనా లోపలి పుండు రేగితే వెంటనే పిలవడానికి ఒక సైకాలజిస్టో, కౌన్సెలరో ఉన్నారా లేదా ముందే కనుక్కోండి. ఎవరూ లేని చోట బాల్యం, భయం, చావు లాంటి అంశాల జోలికి పోవద్దు. పుండు కట్టు విప్పి, మళ్లీ కట్టకుండా గేటు దాటి వచ్చేయడం అన్నిటికన్నా పెద్ద తప్పు.

ఇప్పుడు సామాను. పెన్సిళ్లు ఇంట్లోనే చెక్కుకుని తీసుకెళ్లండి, షార్పెనర్‌లో బ్లేడు ఉంటుంది. స్పైరల్ తీగ ఉన్న డ్రాయింగ్ బుక్కులు, గాజు సీసాలు, కత్తెరలు వద్దు. కత్తెర లేకపోతే కొలాజ్ ఎలాగంటారా? పాత వారపత్రికలు చేత్తో చింపించండి. చింపడం దానికదే మంచి పని, చిరిగిన అంచు కత్తిరించిన అంచుకన్నా బాగుంటుంది కూడా. వైట్‌నర్, పంక్చర్ సొల్యూషన్ పీల్చే అలవాటున్న పిల్లల మధ్యకు వాసన వచ్చే ఏ జిగురూ, థిన్నరూ తీసుకెళ్లకూడదు. ఇంట్లో ఉడికించిన మైదా జిగురు చాలు. క్లాసు మొదట్లో ఎన్ని వస్తువులు ఇచ్చారో వచ్చేటప్పుడు అన్నీ అందరి ఎదుటా లెక్కపెట్టండి. అనుమానంతో చేసే పని కాదని, ఎవరి మీదా మాట పడకుండా ఉండటానికేనని మొదటి రోజే చెప్పండి.

ఏ రంగు ఎవరికి ఇవ్వాలన్నది చిన్న విషయం కాదు. పెన్సిలు, స్కెచ్ పెన్ను చేతి మాట వింటాయి. నీటి రంగు వినదు, పారుతుంది. వేళ్లతో పులిమే రంగు, తడి మన్ను అయితే మనిషిని కూడా తమతో లాక్కుపోతాయి. ఆర్ట్ థెరపీలో 1978 నుంచి ఈ తేడా మీద ఒక సిద్ధాంతమే ఉంది. దాన్నంతా ఇక్కడ చెప్పను, దాని సారం మాత్రం మీకు పనికొస్తుంది: లోపల అల్లకల్లోలంగా ఉన్నవాడికి గట్టి వస్తువు, లోపల బిగుసుకుపోయినవాడికి మెత్తని వస్తువు. దాడికి గురై వచ్చిన అమ్మాయి చేతిలో మొదటి రోజే తడి రంగు పోయకండి. ఆమెకు కావలసింది తన అదుపులో ఉండే గీత.

ఇక్కడే మన ముగ్గు పనికొస్తుంది. చుక్కలు లెక్క ప్రకారం పెట్టాలి, గీత ఎక్కడ బయల్దేరిందో అక్కడికే వచ్చి ముగియాలి. తప్పు పోతే చేత్తో తుడిచి మళ్లీ వేయొచ్చు. "నాకు బొమ్మలు రావండీ" అనే స్త్రీ ఎవరైనా ముగ్గు రాదని అనదు. చెల్లెలికి నేర్పింది, అత్తగారింట్లో సంక్రాంతికి వేసింది, ఆమె వేళ్లకు ఆ లెక్క ఇంకా గుర్తుంది. మగవాళ్లలో ఏరువాక పున్నమికి మట్టి ఎద్దులు చేసిన పల్లెటూరివాళ్లు ఉంటారు. వాళ్ల ముందు మన్ను పెట్టి ఊరుకోండి. మూపురం ఎక్కడ రావాలో వాళ్లే ఒకరితో ఒకరు వాదించుకోవడం మొదలుపెడతారు.

బళ్లలో బాగా నడిచే ఒక ఆట మాత్రం జైలుకు తీసుకెళ్లకండి: బొటనవేలి ముద్రలతో పక్షులూ ఎలుకలూ చేయించడం. అక్కడున్న ప్రతి ఒక్కరి వేళ్లకూ సిరా పూసి ముద్రలు తీసుకున్న రోజు ఒకటుంది. మీరు నవ్వుతూ ఇంకు ప్యాడ్ తీస్తే గదిలో ఏం జరుగుతుందో ఊహించుకోండి.

అంశం ఎంచుకోవడంలోనూ ఇలాంటి గోతులే. "మీ ఇల్లు గీయండి", "మీ కుటుంబం గీయండి" అనడం మనకు అలవాటు. ఆ కుటుంబంలోనే నేరం జరిగినవాళ్లు మీ ముందు కూర్చుని ఉండొచ్చు. తల్లితో పాటు జైల్లో పెరుగుతున్న చిన్నపిల్లల సంగతి మరీ వేరు. మన ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ప్రతివాదిగా ఉన్న ఆర్.డి. ఉపాధ్యాయ కేసులో 2006లో సుప్రీంకోర్టు, ఆరేళ్లు వచ్చేదాకా పిల్లలు తల్లి దగ్గర ఉండవచ్చని, వాళ్లకు శిశుసంరక్షణ, ఆట, చదువు ఏర్పాటు చేయాలని మార్గదర్శకాలు ఇచ్చింది. ఆ తీర్పులో మనసు కలచివేసే సంగతులున్నాయి. ఇల్లు అంటే ఏమిటో తెలియని పిల్లలు, ఆడవాళ్ల మధ్యే పెరిగి ఆడపిల్లల్లా మాట్లాడే మగపిల్లలు, తల్లితో కోర్టుకు వెళ్లే దారిలో జంతువును చూసి భయపడే పిల్లలు. అలాంటి పిల్లవాడికి ఇల్లు గీయమని కాగితం ఇస్తే వాడి తప్పు కాని ఒక లోటును వాడి ముందు పెట్టినట్టే. వాడికి రంగు ఇవ్వండి. గీతలు వాడే వెతుక్కుంటాడు.

మరి ఏం గీయమనాలి? మొదటి వారాల్లో నాకు నచ్చే అంశం వాతావరణం. "ఇవాళ లోపల ఎలా ఉంది? ఎండా, మబ్బా, గాలివానా?" అంతే. దాచుకోదలచినవాడు ఆకాశం గీసి దాచుకుంటాడు, చెప్పదలచినవాడికి ఆ ఆకాశమే చాలు. తర్వాత ఒక దారి, ఒక వంతెన, ఒక చెట్టు. ఫ్లోరిడా జైళ్లలో ఆర్ట్ థెరపీ బృందాలు నడిపి పరిశోధన చేసిన డేవిడ్ గుస్సాక్ వాడిన అంశాల్లో ఒకటి, చెట్టు నుంచి ఆపిల్ కోస్తున్న మనిషి. అలాంటి బృందాల్లో కూర్చున్న ఖైదీల్లో కుంగుబాటు లక్షణాలు తగ్గడం, తమ జీవితం కొంతైనా తమ చేతిలో ఉందన్న భావన పెరగడం ఆయన నమోదు చేశారు. జైలు బయటి మామూలు మనుషుల మీద డ్రెక్సెల్ యూనివర్సిటీలో గిరిజా కైమల్ బృందం చేసిన అధ్యయనం ఒకటి 2016లో వచ్చింది. 39 మంది పెద్దవాళ్లు 45 నిమిషాలు బొమ్మల పని చేస్తే, దాదాపు నాలుగింట మూడొంతుల మందిలో ఒత్తిడి హార్మోను కార్టిసాల్ తగ్గింది. ముందు బొమ్మలు వచ్చా రాదా అన్నదానితో దానికి సంబంధం కనిపించలేదు. చిన్న అధ్యయనమే కానీ, "నాకు రాదు" అనేవాళ్లకు చెప్పడానికి పనికొస్తుంది.

బొమ్మ పూర్తయ్యాక మీ నోటి నుంచి వచ్చే మొదటి మాట చాలా ముఖ్యం. "బాగుంది" అనకండి. బాగుంది అన్న మరుక్షణం వచ్చేవారం మీ కోసం బాగుండే బొమ్మ వేస్తాడు, తన కోసం వేసుకోవడం మానేస్తాడు. "ఇదేంటి?" అనీ అనకండి. మీకు కనిపించింది కనిపించినట్టు చెప్పండి: "ఈ మూల చాలా గట్టిగా అద్దారు." "ఇక్కడ ఖాళీ వదిలారు." అని ఆగండి. ఒక అబ్బాయి కాగితం మొత్తం నల్లగా పులిమాడనుకోండి. పుస్తకాలు చదివిన మనకు వెంటనే కుంగుబాటు, కోపం అన్న మాటలు తోస్తాయి. వాడికి మిగిలింది నల్ల క్రేయాన్ ఒక్కటేనేమో. రాత్రి పొలం కాపలాకు వెళ్లిన జ్ఞాపకమేమో. కొత్త క్రేయాన్ అరగదీయడంలో ఉన్న సుఖమేమో. "ఇందులో మీరు ఎక్కడుంటారు?" అని ఒక్కసారి అడిగి చూడండి. జవాబు వస్తే వినండి, రాకపోతే కాగితం వెనక పేరు రాయించి ఫైల్లో పెట్టండి. నంబరు కాదు, పేరు.

బొమ్మల్ని దాచిపెట్టడం సంగతి వచ్చింది కాబట్టి ఫ్రీడల్ డికర్-బ్రాండైస్ అనే బొమ్మల టీచరును తలచుకోవాలి. నాజీలు ఆమెను 1942లో తెరెజీన్ ఘెట్టోకు తరలించారు. వెంట తీసుకెళ్లనిచ్చిన కొద్దిపాటి సామానులో ఆమె బొమ్మల సరంజామా పట్టుకెళ్లింది. అక్కడి పిల్లలకు పాఠాలు చెప్పింది. 1944 అక్టోబరులో ఆష్‌విట్జ్‌కు పంపేసి చంపేశారు. వెనక రెండు సూట్‌కేసుల్లో సుమారు 4,500 పిల్లల బొమ్మలు మిగిలాయి. గీసిన పిల్లల్లో ఎక్కువమంది మిగల్లేదు. ఆమె శిష్యురాలు ఎడిత్ క్రేమర్ న్యూయార్క్ చేరి, విల్ట్‌విక్ స్కూల్లో దారి తప్పిన మగపిల్లల మధ్య ఏళ్ల తరబడి పనిచేసింది. ఆ అనుభవంతో 1958లో పుస్తకం రాసింది. ఆర్ట్ థెరపిస్టుకు 'మూడో చెయ్యి' ఉండాలన్నది క్రేమర్ మాట. బంకమన్ను గుర్రం కాలు విరిగిపోతుంటే లోపల పుల్ల పెట్టి నిలబెట్టే చెయ్యి అది. గుర్రం ఎలా ఉండాలో చెప్పే చెయ్యి కాదు. తెరెజీన్‌లో గురువు చేసిందీ అదే.

ఇక ప్రశ్న దగ్గరికి వద్దాం. నేరం గురించి ఎప్పటికీ అడగకూడదా? అడగాలి. అడగకపోతే ఈ పనంతా ఖైదీల కాలక్షేపం అయిపోతుంది, దెబ్బతిన్న మనిషిని మనం మర్చిపోయినట్టవుతుంది. ఇంగ్లండ్‌లో ప్రొబేషన్ మీద ఉన్నవాళ్లతో మేరియన్ లీబ్‌మన్ వాడిన దారి నాకు చాలా నచ్చింది. నేరాన్ని కామిక్ బొమ్మల్లా పెట్టెలు పెట్టెలుగా గీయమంటుంది. పుల్లల మనుషులు చాలు. "కళ్లు మూసి తెరిచేలోగా అయిపోయింది" అని ఏళ్లుగా చెబుతున్నవాడు గీయడం మొదలుపెడితే ఆరు పెట్టెలో ఎనిమిది పెట్టెలో అవుతాయి. మందు షాపు దగ్గర మాట పడటం, ఇంటికి రావడం, అన్నం తినకుండా కూర్చోవడం, కత్తి ఉన్న చోటికి నడవడం. ప్రతి పెట్టెకీ పక్క పెట్టెకీ మధ్య ఒక సన్నని తెల్ల సందు ఉంటుంది. అప్పుడు అడగొచ్చు: "ఈ సందులో ఇంకేం చేసి ఉండొచ్చు?" "ఈ పెట్టెలో ఎదుటి మనిషి ముఖం ఎలా ఉంది? గీయగలరా?" చాలామంది ఆ ముఖం దగ్గర పెన్సిలు పక్కన పెట్టేస్తారు. తొందరపెట్టకండి. ఆ ముఖం రావడానికి కొందరికి నెలలు పడుతుంది, కొందరికి రాదు.

అయితే ఇది శిక్ష ఖరారైనవాళ్లతో, శిక్షణ ఉన్న థెరపిస్టు ఎదుట మాత్రమే చేయాలి. మన దేశంలో 2022 చివరి లెక్కల ప్రకారం జైళ్లలో ఉన్నవాళ్లలో 75.8 శాతం విచారణ ఖైదీలు. వాళ్ల కేసు ఇంకా తేలలేదు, వాళ్లలో నిర్దోషులు ఉంటారు. వాళ్ల చేత సంఘటన గీయించిన కాగితం రేపు ఎవరి చేతిలో పడుతుందో మీరు చెప్పలేరు. ఆ కాగితం వాళ్ల మెడకు చుట్టుకోకూడదు. కాబట్టి వాళ్లతో వాతావరణం, చెట్టు, వంతెన వరకే.

గుట్టు విషయంలో మీరు ఇవ్వగలిగిన మాటే ఇవ్వండి. "ఇది మన మధ్యే ఉంటుంది" అని పిల్లలకు హామీ ఇచ్చేముందు గుర్తుపెట్టుకోండి, పిల్లల మీద లైంగిక దాడి జరిగిందని తెలిస్తే 2012 పోక్సో చట్టం ప్రకారం ఫిర్యాదు చేయడం తప్పనిసరి. చేయకపోతే నేరం. ఆ సంగతి మొదటి రోజే, వాళ్లకు అర్థమయ్యే మాటల్లో చెప్పాలి: "ఎవరైనా నిన్ను బాధపెడుతున్నారని తెలిస్తే ఆపడానికి నేను ఇంకొకరికి చెప్పాల్సి వస్తుంది నాన్నా." అలాగే 2015 బాలల న్యాయ చట్టం 74వ సెక్షన్ ప్రకారం ఆ పిల్లల గుర్తింపు బయటపెట్టకూడదు. పిల్లవాడు బొమ్మ పట్టుకుని నవ్వుతున్న ఫొటో ఎంత ముద్దుగా ఉన్నా మీ వాట్సాప్ స్టేటస్‌కు ఎక్కకూడదు.

ప్రదర్శనల గురించి నా అభిప్రాయం కొంచెం కటువుగానే ఉంటుంది. మంత్రిగారు రిబ్బను కత్తిరించే ఎగ్జిబిషన్ తేదీ ముందే ఖాయమైతే, క్లాసులో ప్రతి బొమ్మా ఆ గోడ కోసమే పుడుతుంది. కానీ కోల్‌కతాలో నర్తకి అలోకానంద రాయ్ చేసిన పని చూస్తే ఈ అభిప్రాయాన్ని కొంత సడలించుకోక తప్పదు. 2007లో జైలు మెట్లెక్కి, ఖైదీలకు నాట్యం నేర్పి, టాగోర్ 'వాల్మీకి ప్రతిభ'ను వాళ్ల చేత బయటి రంగస్థలాల మీద ఆడించింది. దొంగ రత్నాకరుడు వాల్మీకి అయిన కథ అది. ఆ పాత్ర వేసిన నైజెల్ అక్కారా విడుదలై సినిమా నటుడయ్యాడు. అక్కడ ప్రేక్షకుల ఎదుట నిలబడటం కూడా చికిత్సలో భాగమైంది, ఎందుకంటే నాట్యం చూసేవాళ్లుంటేనే పూర్తవుతుంది. బొమ్మ అలా కాదు. బొమ్మ మూసిన ఫైల్లో ఉన్నా పూర్తి అయినట్టే. ఎవరైనా తన బొమ్మ నలుగురూ చూడాలని అడిగితే పెట్టండి. పెట్టేముందు, ఆ మనిషి వల్ల నష్టపోయిన కుటుంబం ఆ హాల్లోకి నడిచి వస్తే వాళ్లకెలా ఉంటుందో ఒకసారి ఆలోచించండి. ఆ ఆలోచన ఆ ఖైదీతోనే కలిసి చేస్తే ఇంకా మంచిది.

చివరి క్లాసు ఉన్నట్టుండి రాకూడదు. మీ ముందు కూర్చున్నవాళ్లను చాలామంది చెప్పకుండా వదిలేసి పోయారు, మీరూ ఆ జాబితాలో చేరకండి. ఇంకా నాలుగు వారాలు, మూడు వారాలు అని గోడ మీద రాయండి. ఆఖరి రోజు ఎవరి ఫైలు వాళ్ల చేతికివ్వండి. మొదటి బొమ్మ నుంచి వరసగా నేల మీద పరుచుకోనివ్వండి. కొందరు తలగడ కింద దాచుకుంటారు. కొందరు ములాఖత్‌లో పిల్లలకు ఇస్తామంటారు, దానికి జైలు అనుమతి మీరే మాట్లాడి పెట్టండి. ఒకరిద్దరు చింపేస్తామంటారు. చింపనివ్వండి. "అయ్యో, ఇంత బాగా వేశారే" అని చెయ్యి పట్టుకోవద్దు. గదిలో ఓ మూల చెత్తబుట్ట ఉండేలా మాత్రం ముందే చూసుకోండి, నేల మీద పడ్డ ముక్కల్ని ఇంకెవరో ఊడ్చే పని లేకుండా.